నాయకుడు కానివాని ధర్మము

నాటకమున నాయకుడొక్కడే, నాయిక యొక్కతెయే. తక్కినవారందరు తండ్రులు, మామలు, మంత్రులు, సేవకులు, శత్రువులు, ఇరుగుపొరుగువారు. రంగస్థలమునకే గాదు, లోకమునకును ఇదే లెక్క. ఊరికొక పెద్ద, కచేరికొక అధికారి, ఇంటికొక యజమాని యుందురు; మిగిలినవారి సంఖ్యయే యెక్కువ. మన పురాణములు ఆ మిగిలినవారిని మరచినవని చెప్పరాదు. లక్ష్మణుడు కలడు, విదురుడు కలడు, హనుమంతుడు కలడు. కాని వారి ధర్మమును గూడ నాయకుని వెలుగున నిలిపి చూపుటయే పరిపాటి. నాయకుని ప్రక్క నుంచి తొలగించి, వారిని వారుగా చూచినచో వారి జీవితమునకు విలువ ఏమి? ప్రధానపాత్ర లభింపనివాడు తనకు లభించిన పాత్రను పూర్ణముగా నిర్వహించుట ధర్మమగునా? లేక అది ఓటమికి మనము పెట్టుకొన్న అందమైన పేరా? ఈ ప్రశ్నను ఈ వ్యాసమున విచారింపదలచినాము.

ఇట్టి ప్రశ్నను ఊహలతో తేల్చుటకంటె ఒక జీవితమును ఎదుట నుంచుకొని విచారించుట మేలు. మేము గైకొన్నది సామర్ల వెంకట రంగారావుగారి జీవితము. ఎస్. వి. రంగారావను పేరు వినని తెలుగు ఇల్లు లేదు. ఆయన 1918 జూలై 3వ తేదీన నూజివీడున జన్మించి, 1974 జూలై 18వ తేదీన మద్రాసున కాలధర్మము నొందిరి. ఆయన తత్త్వగ్రంథములు వ్రాసినవారు కారు, వృత్తిచేత నటులు. కాని వేదాంతులు మాటలలో చెప్పినదానిని ఒక్కొకప్పుడు వృత్తిధర్మము చేతలలో చూపును. తిరువళ్ళూరు, తిరుత్తణి ప్రాంతముల తెలుగు కుటుంబములకు ఆయనను ఉదాహరణముగా జూపుటకు మరియొక కారణమును కలదు. ఆయన పనిచేసిన వడపళని, కోడంబాకము స్టూడియోలు మనకు రైలు ప్రయాణమంత దూరమున నున్నవి. అంతకు మించి, మన కుటుంబములు ఆయనను రెండు భాషలలోను చూచినవి. ఒకే మనిషిని తెలుగున తండ్రిగాను తమిళమున తండ్రిగాను చూచిన ప్రేక్షకులు మనవంటివారు అంతగా లేరు.

మొదట మాటను విచారింతము. ఇట్టి నటుని మనము సహాయనటుడందుము. క్యారెక్టర్ నటుడనియు వాడుక కలదు. మన తమిళ సోదరులు గుణచిత్ర నడిగర్ అందురు. గుణచిత్ర నటుడను మాట తెలుగునను కనిపించునుగాని, జనుల నోట తమిళమున నాటుకొన్నంతగా నాటుకొనలేదు. ఈ రెండు పేర్లకు నడుమ గల భేదము చిన్నది కాదు. సహాయనటుడను మాట అతని స్థానమును చెప్పుచున్నది; ఎవరికో సహాయము చేయువాడని తెలుపుచున్నది. గుణచిత్ర నటుడను మాట అతని పనిని చెప్పుచున్నది. ఒక మనుష్యుని గుణమును చిత్రించువాడని తెలుపుచున్నది. మనిషిని స్థానమునుబట్టి పిలుచుట యొకటి, పనినిబట్టి పిలుచుట యొకటి. మన ప్రశ్న యంతయు ఈ రెండు పేర్ల నడుమనే యున్నది.

రంగారావుగారు చిత్రసీమలో అడుగిడినది నాయకుడుగానే. 1940ల నడుమ నిర్మింపబడిన వరూధిని చిత్రమున ఆయన ప్రవరుడు. ఆ చిత్రము జనాదరణ పొందలేదు. అవకాశములు రాకపోగా ఆయన జంషెడ్‌పూరునకు బోయి టాటా సంస్థలో ఉద్యోగమున జేరిరి. అంతకు మునుపు అగ్నిమాపక శాఖలో అధికారిగా నుండిరి. మరల మద్రాసునకు వచ్చినప్పుడు ఆయనకు దొరికినవి చిన్న వేషములు, దుష్టపాత్రలు. 1950లో పల్లెటూరి పిల్ల చిత్రమున ప్రతినాయకుడు. అదే సంవత్సరమున విజయావారి తొలి చిత్రమైన షావుకారులో సున్నం రంగడను రౌడీ. 1951లో పాతాళభైరవిలో నేపాళ మాంత్రికుడు. ఈ మూడవ వేషముతో ఆయన పేరు ఇంటింటికి తెలిసెను.

ఇచ్చట ఒక సంగతిని దాచరాదు. ఆయన వైరాగ్యముచేత నాయకత్వమును వదలుకొన్నవారు కారు. నాయకత్వము ఆయనకు దక్కలేదు. మనలో పెక్కుమంది స్థితియు నిదియే. తాము కోరినది దక్కక, దక్కినదానితో జీవితము సాగించువారే లోకమున నెక్కువ. కావున రంగారావుగారిని త్యాగమూర్తిగా చిత్రించి పూజించినచో మనకు లాభము లేదు. దక్కనిదానిని త్యాగము చేసితినని చెప్పుకొనుట ఆత్మవంచన. ధర్మవిచారము అటు తరువాతి అడుగున మొదలగును. దక్కిన చిన్న పనిని ఏ బుద్ధితో చేయవలెనన్నదే ప్రశ్న.

షావుకారు చిత్రమున కథ చెంగయ్య కుటుంబమునది, వారి పొరుగింటివారిది. సున్నం రంగడు ఆ కథకు ప్రక్కదారిని వచ్చిపోవువాడు. అట్టి వేషమును కోరమీసముతోను కేకలతోను గడిపివేసినను అడుగువారు లేరు. రంగారావుగారు ఆ రంగనికి ఒక నడక, ఒక చూపు, ఒక మాటతీరు కల్పించి, వీడు మన వీథిలోనివాడే యనిపించిరి. పాతాళభైరవిలో కథ తోటరామునిది. సాహసము అతనిది, రాజకుమారి అతనికే దక్కును. అయినను ఆ చిత్రము చూచినవారు తరతరములుగా అనుకరించుచు వచ్చినది మాంత్రికుని పలుకునే. కథ నాయకునికి దక్కినది. జ్ఞాపకము మాంత్రికునికి దక్కినది. జ్ఞాపకమున నిలువవలెనని ఆయన నాయకుని వెనుకకు నెట్టలేదు. మాంత్రికుడు ఎంత భయంకరుడై యుండెనో తోటరాముని ధైర్యము అంతగా ప్రకాశించెను. ఇది గమనింపదగిన విషయము. తన పాత్రను పూర్ణముగా నిర్వహించినవాడు నాయకుని కీర్తిని హరింపడు, దానిని నిలబెట్టును.

కచ్చేరీలకు పోవు అలవాటు గలవారికి ఇది క్రొత్త సంగతి కాదు. పాట పాడువాడు నడుమ గూర్చుండును. ఫిడేలు, మృదంగము ప్రక్కవాద్యములు. గాయకుడు వదలిన స్వరమును ఫిడేలు అందుకొని తిరిగి యిచ్చినప్పుడే రాగము నిండుదనము నొందును. ప్రక్కవాద్యము తన పరిధి మీరి పాటను మ్రింగివేసినచో కచ్చేరి చెడును. భయపడి అణగియున్నను చెడును. పొదటూరుపేట, పళ్ళిపట్టు ప్రాంతముల మగ్గములెరిగినవారు మరియొక ఉపమానమును చెప్పగలరు. అంగడిలో చీరను చూచువారు అంచును, కొంగును చూచి మెచ్చుకొందురు. నడిమి నేత యెట్లున్నదో కట్టుకొన్న ఆడుబిడ్డకు తెలియును, నేసిన చేతికి తెలియును.

ఇక వయస్సు సంగతి. 1955లో మిస్సమ్మ వచ్చునాటికి రంగారావుగారికి 36 సంవత్సరములు. అందులో ఆయన పెండ్లీడు కూతురుగల జమీందారు. ఆ చిత్రమున నాయకుడైన నందమూరి తారక రామారావుగారు ఆయనకంటె సుమారు 5 సంవత్సరములు మాత్రమే చిన్నవారు. అదే 1955లో బంగారుపాపలో ఆయన కోటయ్య. ఆ కథకు మూలము ఆంగ్ల రచయిత్రి జార్జి ఇలియట్ వ్రాసిన సైలస్ మార్నర్. పగతో రగులు మనిషి ఒక దిక్కులేని శిశువు చేతికి రాగానే క్రమక్రమముగా కరగి తండ్రియగుటయే ఆ కథ. యౌవనమింకను తీరని మనిషి నెరసిన జుట్టు పెట్టుకొని ఆ తండ్రితనమును పోషించిరి. గుమ్మడి వెంకటేశ్వరరావుగారి విషయమున ఇది మరింత విచిత్రము. 1927లో జన్మించిన ఆయన 1955 నాటి అర్ధాంగి చిత్రమున అక్కినేని నాగేశ్వరరావుగారికి తండ్రి. నాగేశ్వరరావుగారు జన్మించినది 1924లో. కొడుకు వేషము వేసినవారు తండ్రి వేషము వేసినవారికంటె పెద్దవారు.

యౌవనమును అద్దమున చూచుకొని మురియు వయస్సులో ముదుసలి రూపమున లోకమునకు కనబడుట ఎవరికైనను కష్టమే. సినిమావృత్తిలో అది మరింత కష్టము. ఒకసారి తండ్రి వేషము వేసినవానిని లోకము మరల యువకునిగా చూడదు. కాని వీరు ఆ వయస్సును అవమానముగా భావింపలేదు. ముందుగా ముసలితనమును ధరించినవారు నిజమైన ముసలితనము వచ్చునాటికి దానికి అలవాటుపడియుందురు. 1973లో తాత మనవడు చిత్రమున రంగారావుగారు తాత. పిల్లల ఆదరణ కోల్పోయిన వృద్ధుని దుఃఖమును ఆయన ఎక్కువగా ఏడువకయే చూపిరి. అప్పటికి ఆయన వయస్సు 54 మాత్రమే.

ఇప్పుడు మన ప్రాంతమునకు మిక్కిలి సన్నిహితమైన విషయమునకు వత్తము. ఆ దినములలో మద్రాసున ఒకే కథను తెలుగునను తమిళమునను వేర్వేరుగా చిత్రించు ఆచారముండెను. మిస్సమ్మ తమిళమున మిస్సియమ్మ అయ్యెను. తెలుగున నాయకుడు రామారావుగారు; తమిళమున జెమినీ గణేశన్‌గారు. నాగేశ్వరరావుగారి వేషము తంగవేలుగారికి పోయెను. జమీందారు మాత్రము రెండింటను రంగారావుగారే. 1957లో మాయాబజారు వచ్చెను. తెలుగున అభిమన్యుడు నాగేశ్వరరావుగారు. తమిళమున జెమినీ గణేశన్‌గారు. ఘటోత్కచుడు రెండింటను రంగారావుగారే. 1960లో భీమ్‌సింగ్‌గారి దర్శకత్వమున తమిళమున పడిక్కాద మేదై వచ్చెను. అందు శివాజీ గణేశన్‌గారు ప్రధానపాత్ర. దానినే 1962లో తెలుగున ఆత్మబంధువు అను పేర తీసినప్పుడు ఆ వేషము రామారావుగారికి వచ్చెను. ఇంటి పెద్ద రెండింటను రంగారావుగారే. 1963 నాటి నానుం ఒరు పెణ్, 1965 నాటి నాదీ ఆడజన్మే విషయమునను అంతే. నాయికానాయకులు మారిరి, తండ్రి మారలేదు.

భాష మారినప్పుడు నాయకుడు మారెను గాని తండ్రి మారకుండుటకు కారణమేమి? నాయకునియందు ప్రేక్షకుడు తన కోరికలను చూచుకొనును. తన ఊరివాడు, తన మాటవాడు కావలెనని కోరుకొనును. అందుచేత ప్రతి భాషకును దాని నాయకుడు వేరు. తండ్రి విషయమున అట్టి కోరిక లేదు. కోపించుచు లోలోన కరగు తండ్రి, పిల్లల పెండ్లికై తహతహలాడు తండ్రి, ఆస్తి పోయినప్పుడు మౌనము వహించు తండ్రి ఇంటింటను ఒక్కడే. ఆ తండ్రికి పేరు చిదంబరమైనను చిదంబరయ్యయైనను భేదము లేదు. ప్రధానపాత్ర ఒక ఇంటిదై యుండుటచేత రెండవ ఇంటికి పోలేకపోయెను. రెండవ వరుసలోనివాడు రెండిండ్లకును పోగలిగెను. దక్కని నాయకత్వము ఆయనకు చేసిన నష్టముతో పాటు ఈ లాభమును లెక్కింపవలెను.

ఆ సంవత్సరములను మన చరిత్రతో కలిపి చూచినచో ఈ విషయము మరింత స్పష్టమగును. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడినప్పటినుండి తిరుత్తణి ఆ జిల్లాలోనిది. ఆంధ్రరాష్ట్రము 1953లో ఏర్పడెను. 1956లో ఆంధ్రప్రదేశ్ అయ్యెను. సరిహద్దు వివాదము పటాస్కర్‌గారి తీర్పుతో తేలి, 1960 ఏప్రిల్ 1వ తేదీన తిరుత్తణి తాలూకాలో అధికభాగము మద్రాసు రాష్ట్రమున చేరెను. మన పొరుగున తిరువళ్ళూరు, పొన్నేరి తాలూకాలలోని కొన్ని గ్రామములు ఆంధ్రమునకు పోయెను. గీత కదలెను, మనుష్యులు కదలలేదు. ఒకే తల్లి బిడ్డలలో ఒకరు ఇటువైపు, ఒకరు అటువైపు నిలిచిరి. ఆ 1960వ సంవత్సరముననే పడిక్కాద మేదై, కళత్తూర్ కణ్ణమ్మ అను రెండు తమిళ చిత్రములు వచ్చినవి. రెండింటను తండ్రి తెలుగువాడు. సరిహద్దును గూర్చి వాదించుకొన్న జనులే చిత్రశాలలో గూర్చుండి ఆ తండ్రి దుఃఖమునకు కన్నీరు పెట్టుకొనిరి. ఆయన తెలుగుతనమును దాచుకొనలేదు. తమిళమును తన గొంతుతోనే పలికిరి. తమిళులు ఆయనను తమవానిగా లెక్కించుకొనిరి. ఒకటి వదలి ఒకటి పట్టుకొనవలసిన అవసరము ఆయనకు రాలేదు.

ఇంతవరకు చెప్పినదానికి గట్టి ఆక్షేపణ యొకటి కలదు. దానిని తప్పించుకొని పోరాదు. నీకు దొరికిన స్థానమున తృప్తిపడుమని చెప్పుట లోకమున బలవంతులు బలహీనులకు చెప్పు పాతమాటయే గదా? వెట్టిచేయువానికి, ఆడుబిడ్డకు, అల్పసంఖ్యాకులకు ఈ నీతినే బోధించి వారి నోరు మూయుట జరుగలేదా? స్వధర్మమును గూర్చిన గీతావాక్యమును గూడ ఇట్టి పనికి ఉపయోగించినవారు కలరు. ఈ ఆక్షేపణ న్యాయమైనది. దీనికి సమాధానము చెప్పలేని నీతి నీతి కాదు.

మా సమాధానమిది. పాత్ర వేరు, హక్కు వేరు. రెండవ పాత్రను అంగీకరించిన నటుడు తన సంభాషణలను వదలుకొనుటకు అంగీకరింపలేదు. తనకు వ్రాసియున్న మాటను నాయకుడు మ్రింగివేయబోయినచో అడ్డుపడుట అతని హక్కు మాత్రమే గాదు, ధర్మము గూడ. ఆ మాట లేనిదే కథ నడువదు. తగిన ప్రతిఫలము కోరుట, తగిన మర్యాద కోరుట పాత్రధర్మమునకు విరుద్ధములు గావు. రంగారావుగారు వినయమునకు మారుపేరని ఎవరును చెప్పలేదు; తన విలువ తెలిసిన మనిషియని అందరును చెప్పిరి. తృప్తి వేరు, లొంగుబాటు వేరు. తృప్తిగలవాడు తన పనియందు లోపము సహింపడు. లొంగినవాడు తనయందు జరుగు అన్యాయమును గూడ సహించును.

మన విషయమున ఈ భేదము మిక్కిలి ముఖ్యము. 1969లో తమిళనాడను పేరు వహించిన ఈ రాష్ట్రమున ప్రధానపాత్ర తమిళమునది. అది సహజము, న్యాయము. 2006లో వచ్చిన చట్టముచేత తమిళము పదవ తరగతి వరకు దశలవారీగా నిర్బంధ పాఠ్యమయ్యెను. తమిళము నేర్చుట మనకు భారము కాదు. మన తాతలకును అది వచ్చును. కాని పిల్లవానికి తెలుగు అక్షరములు నేర్పు పాఠశాల, తెలుగు ఉపాధ్యాయుడు, తెలుగు పుస్తకము ఉండవలెనని కోరుట మనకు వ్రాసియున్న సంభాషణను మనము కోరుట. దానిని కోరుటకు సంకోచింపరాదు. అదే సమయమున, ఆ సంభాషణ చేతికి వచ్చిన పిమ్మట దానిని చక్కగా పలుకకుండుట మన దోషమే యగును. ఇంట తెలుగు మాటాడక, పత్రిక చదువక, పిల్లలకు అక్షరము నేర్పక, హక్కును గూర్చి మాత్రము సభలలో ఘోషించినచో, సంభాషణ కంఠస్థము చేయకయే వేదిక యెక్కిన నటుని వలె నవ్వులపాలగుదుము.

దుష్టపాత్రల విషయము గూడ విచారింపదగినది. నర్తనశాలలో కీచకుడు, పాండవ వనవాసములో దుర్యోధనుడు, భక్తప్రహ్లాదలో హిరణ్యకశిపుడు రంగారావుగారే. చెడ్డవానిని అంత ఘనముగా చూపుట తప్పు కాదా అని ప్రశ్నించువారుందురు. మన ప్రాంతమున ధర్మరాజు గుడుల వద్ద, ద్రౌపదమ్మ గుడుల వద్ద జరుగు భారతపు తిరునాళ్ళ నెరిగినవారికి దీనికి సమాధానము కంటి యెదుటనే యున్నది. పగలు హరికథ, రాత్రి వీథినాటకము జరుగును. తుదకు నేలపై మట్టితో దుర్యోధనుని మహావిగ్రహమును పరుండబెట్టుదురు. ఆ విగ్రహమున కెంత కొలత, ఎంత అలంకారము! చంపబోవు శత్రువును మన పెద్దలు ఇంత ఘనముగా చేయుటకు కారణము కలదు. చిన్నవానిని గెలిచిన భీముడు చిన్నవాడగును.

నాట్యశాస్త్రమున ఒక కథ కలదు. దేవతలు రాక్షసులను గెలిచిన కథను తొలి నాటకముగా ఆడగా రాక్షసులు కోపించి విఘ్నములు కల్పించిరట. అంత బ్రహ్మ వారిని పిలిచి, ఈ నాట్యము దేవతల కొరకు మాత్రమే కాదు, మీదియును, ముల్లోకములదియునని సమాధానపరచెనట. దుష్టుని వేషమును న్యాయముగా వేయువాడు ఆ బ్రహ్మవాక్యమును నిలుపుచున్నాడు. రంగారావుగారి కీచకుని చూచినప్పుడు మనకు అసహ్యము మాత్రమే కలుగదు. బలము, అందము, అధికారము గల మనిషి ఒక్క కోరికను అదుపున బెట్టుకొనలేక నశించుట చూచి మనకు మనయందే భయము కలుగును. చెడును తేలికచేసి చూపినచో అది పొరుగువానిది. నిజముగా చూపినచో అది మనది. నర్తనశాలకు గాను 1964లో జకార్తా నగరమున జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవమున ఆయనకు ఉత్తమ నటుడను గౌరవము లభించెను. నాయకుడైన అర్జునునికి గాక కీచకునికి ఆ బహుమానము వచ్చుట గమనింపదగినది.

అయినను సన్మానముల లెక్కతో ఈ జీవితమును తూచరాదు. రంగారావుగారికి పద్మ పురస్కారమేదియు రాలేదు. ఆయన గతించిన 39 సంవత్సరములకు, 2013లో, భారతీయ చలనచిత్రమునకు నూరేండ్లు నిండిన సందర్భమున తపాలాశాఖవారు ఆయన చిత్రముతో బిళ్ళ వెలువరించిరి. చిత్తూరు నాగయ్యగారి చరిత్ర దీనికి మరియొక ప్రక్క. తిరుత్తణి చిత్తూరు జిల్లాలో నున్న కాలమున ఆ జిల్లా రంగస్థలము నుండి పేరు తెచ్చుకొన్నవారాయన. పోతన, త్యాగయ్య, వేమన పాత్రలలో ఆయనే నాయకుడు. 1965లో పద్మశ్రీ నొందిరి. కాని సంపద నిలువలేదు. తరువాతి కాలమున చిన్న వేషములతో జీవింపవలసి వచ్చెను. 1973లో ఆయన కన్నుమూయునాటికి చేత మిగిలినది స్వల్పము. ఆరోహణమున రెండవ పాత్రను అంగీకరించుట రంగారావుగారి పరీక్ష. అవరోహణమున అంగీకరించుట నాగయ్యగారి పరీక్ష. రెండవదే కఠినమని మా అభిప్రాయము. 1963లో లవకుశలో వాల్మీకిగా నాగయ్యగారు కనబడునప్పుడు ఆ ముఖమున ఒకనాటి నాయకుడనన్న గర్వము కాని, నేడు కానన్న దైన్యము కాని కనబడదు. ఎదుట నున్న కుశలవులయందే ఆయన చూపు.

మన తిరుత్తణి బిడ్డయైన సర్వేపల్లి రాధాకృష్ణన్‌గారు 1952 నుండి 1962 వరకు పది సంవత్సరములు ఉపరాష్ట్రపతి. ఉప అను ఉపసర్గ తగిలిన పదవిలో అంత దీర్ఘకాలము ఉండుట పెద్ద పేరు గలవారికి సులభము కాదు. ఆయన రాజ్యసభ అధ్యక్షస్థానమున గూర్చుండి ఆ పదవికే గౌరవము తెచ్చిరి. రాష్ట్రపతియైన పిమ్మట ఆయన జన్మదినము ఉపాధ్యాయ దినమయ్యెను. ఉపాధ్యాయుడు గూడ ఒకవిధముగా రెండవ పాత్రయే; కథ శిష్యునిది. దేశము ఆయనను ఏటేట తలచుకొనుచున్నది ఆ రెండవ పాత్రకే.

కావున మొదటి ప్రశ్నకు మేము చెప్పదలచిన సమాధానమిది. పాత్ర లభించుట మన చేతిలో లేదు. దానిని కోరుట, దానికై ప్రయత్నించుట తప్పు కాదు. లభించిన పాత్ర చిన్నదైనచో అది మన విలువకు కొలత కాదు. కాని దానిని నిర్లక్ష్యముగా చేయుట మాత్రము మన విలువకు కొలతయగును. అన్యాయముగా మన మాటను కత్తిరించువారుండిన ఎదిరింపవలెను. ఎదిరించునప్పుడును మన మాటను మరువరాదు. నాయకుడు కానివాని ధర్మము నాయకుని ధర్మముకంటె తక్కువ కాదు. దానిని మెచ్చుకొనువారు తక్కువ, అంతే.

మన సంఘముల పనులును ఇట్టివే. వేదికపై పూలదండ వేయించుకొనువారు నలుగురు. పిలుపుపత్రికలోని తెలుగును తప్పులు లేకుండ దిద్దువాడు, కుర్చీలు సర్దువాడు, పిల్లలచేత పద్యము కంఠస్థము చేయించు తల్లి, చందా పుస్తకము పట్టుకొని ఇల్లిల్లు తిరుగువాడు వేదికకు క్రింద నుందురు. వచ్చు సంవత్సరము ఉగాదినాడు ఆ క్రిందనున్నవారిలో ఒకరిని పేరు పెట్టి పిలిచి, వారు చేసిన పనిని సభకు వివరముగా చెప్పుదుముగాక. వారిని సహాయకులని గాక, వారు చేయు పనినిబట్టి పిలుచుట మనము మన తమిళ సోదరుల మాటనుండి నేర్వదగిన మర్యాద.